అనిలా, అనలా? పేరు ఖాయం చేసే ముందు ఒక్కసారి చూసుకోండి

మా అన్నయ్య కూతురికి పేరు వెతికే రోజుల్లో వదిన వాట్సాప్‌లో ఒక స్క్రీన్‌షాట్ పంపింది. ఇంగ్లీషు అక్షరాల్లో ‘అనల’, పక్కన అర్థం ‘గాలి’. చిన్న పేరు, పలకడానికి హాయిగా ఉంది, అందరికీ నచ్చేసింది. తెలుగులో రాసి చూసేసరికి అసలు సంగతి బయటపడింది. అనిలమంటే గాలి, అనలమంటే నిప్పు. మధ్యలో ఒక్క గుడి తేడా! అగ్ని పేరు ఇష్టపడి పెట్టుకుంటే ఎవరికీ అభ్యంతరం లేదు. గాలి అనుకుని నిప్పు పెట్టడమే ఇబ్బంది.

కాబట్టి ముందుగా పేరును తెలుగు లిపిలో రాయండి. ఇంగ్లీషు అక్షరాల్లో అ, ఆ ఒకటే అయిపోతాయి. త, ట కలిసిపోతాయి. శ, ష, స ఎటు పోతాయో తెలియదు. సకలం అంటే అంతా, శకలం అంటే ముక్క. సంస్కృతంలో సుర అంటే దేవత, చివర దీర్ఘం తీసి సురా అంటే మద్యం. ఏ అక్షరమో తేలకుండా అర్థం వెతకడం దండగ.

తర్వాత అది ఏ భాష మాటో చూడండి. ఒకే పలుకుబడి రెండు భాషల్లో వేర్వేరు మాటలు కావచ్చు. సమీరం సంస్కృతంలో గాలి. అరబిక్ సమీరా రాత్రిపూట కబుర్లు చెప్పుకునే తోడు. రెండూ మంచి పేర్లే, కానీ ఒకదాని అర్థం తెచ్చి రెండోదానికి అతికించకూడదు. లీలకూ లైలాకూ చుట్టరికం కలిపేసేవాళ్లు కూడా ఉన్నారు. లీల ఆట, లైలా రాత్రి.

ఇక నిఘంటువు. తెలుగుకు 1885 నాటి శబ్దరత్నాకరం, దానికి ముందరి బ్రౌణ్య నిఘంటువు ఉన్నాయి. ఆంధ్రభారతి సైట్‌లో ఒకేసారి చాలా నిఘంటువుల్లో వెతకొచ్చు. సంస్కృతానికి మోనియర్ విలియమ్స్ 1899 నిఘంటువును కొలోన్ విశ్వవిద్యాలయం ఆన్‌లైన్‌లో ఉచితంగా పెట్టింది. పేరు మొత్తంగా దొరక్కపోతే విడదీసి చూడండి. ముందున్న అ, వి, నిర్ లాంటివి అర్థాన్ని తలకిందులు చేయగలవు. అక్షయ అంటే తరగనిది. ముద్దుగా ఉంటుందని ‘అ’ తీసేస్తే మిగిలేది క్షయ.

నిఘంటువు తెరిచాక ఇంకో చిక్కు: అర్థాలు గుట్టగా వస్తాయి. హరి అనే మాటకు అమరకోశం యముడు, గాలి, ఇంద్రుడు, చంద్రుడు, సూర్యుడు, విష్ణువు, సింహం, కిరణం, గుర్రం, చిలుక, పాము, కోతి, కప్ప అని వరసగా చెబుతుంది. హరీ అని పిలిస్తే ఏ తల్లికీ కప్ప గుర్తుకు రాదు. అంటే కంగారు పడాల్సిన పని లేదు, కానీ పేర్ల జాబితాలు ఈ గుట్టలోంచి తమకు నచ్చిన ఒక్కదాన్ని ఏరి చూపిస్తాయని గుర్తుంచుకోండి. వాడుకలో నిలిచిన అర్థమేదో అదే చూడాలి.

నాకు ఎక్కువ అనుమానం కొత్తగా పుట్టిన పేర్ల మీద. రేయాంశ్‌నే తీసుకోండి. ‘వెలుగు కిరణం’, ‘విష్ణువు అంశ’ అని రెండూ రాస్తారు. అంశమంటే భాగం, సరే. మరి ‘రే’? కిరణమనే అర్థంలో అది ఇంగ్లీషు మాట. సంస్కృతంలో ‘రే’ అంటే ‘ఒరేయ్’ లాంటి పిలుపు. అద్విక్ అంటే సాటిలేనివాడట. నిఘంటువులో అద్వితీయ ఉంది, అద్వయ ఉంది, అద్విక్ లేదు. పెట్టుకోవద్దని కాదు. కల్పించిన పేర్లు ఇంగ్లీషులోనూ ఉన్నాయి. వానెస్సా అనే పేరును 18వ శతాబ్దం మొదట్లో రచయిత జొనాథన్ స్విఫ్ట్ తన స్నేహితురాలి ఇంటిపేరునూ అసలు పేరునూ ముక్కలు చేసి అతికి పుట్టించాడు. 1807లో ఫాబ్రిషియస్ అనే కీటక శాస్త్రవేత్త ఒక సీతాకోకచిలుకల ప్రజాతికి అదే పేరు పెట్టాడు. ఇప్పుడు జాబితాలు ‘గ్రీకులో సీతాకోకచిలుక’ అని తిరగేసి చెబుతున్నాయి! కల్పించిన పేరైతే కల్పించినదనే చెప్పుకోండి, అందులో నామోషీ ఏమీ లేదు.

పది సైట్లలో ఒకే అర్థం కనిపిస్తే పది సాక్ష్యాలు అనుకోకండి. ఒకదాన్ని చూసి మిగతా తొమ్మిదీ కాపీ కొట్టి ఉండొచ్చు. చాట్‌బాట్‌లు అయితే లేని ధాతువును కూడా తొణక్కుండా చెప్పేస్తాయి. భాష తెలిసినవాళ్లు దొరికితే “ఈ పేరు బాగుందా?” అని అడగకండి, మొహమాటానికి బాగుందనే అంటారు. “ఈ మాట ఎలా పుట్టింది? ఎక్కడ వాడారు?” అని అడగండి.

వదిన చివరికి అనిల అనే ఖాయం చేసింది. జనన ధ్రువపత్రం దరఖాస్తులో ఆ ఇంగ్లీషు స్పెల్లింగ్‌ను మాత్రం నాచేత మూడుసార్లు పైకి చదివించి గానీ సంతకం పెట్టలేదు.