పోర్టల్‌లో లీవు పెట్టే ముందు ఆఫీసరు పేరు చూసుకోండి

నేను పైడిభీమవరంలో మందుల ఫ్యాక్టరీలో ఆపరేటర్ని. విజయనగరం నుంచి కంపెనీ బస్సులో రాకపోకలు. ఒక ఏడాది పైడితల్లి అమ్మవారి సిరిమాను పండగ మంగళవారానికి కంపెనీ ఉద్యోగుల పోర్టల్‌లో లీవు పెట్టి, మూడు లాంతర్ల దగ్గర అమ్మవారికి దండం పెట్టుకుని వచ్చాను. నెలాఖరుకి చూస్తే ఒక రోజు జీతం కోత! నా లీవు, ఎప్పుడో బదిలీ అయిపోయిన ఆఫీసరు పేరు మీద పెండింగులో పడి ఉంది. ఆయనెక్కడో హైదరాబాదులో ఉన్నాడు, నా సిరిమాను ఆయనకేం పట్టింది?

అందుకని లాగిన్ అవగానే లీవు బటన్ జోలికి వెళ్లకండి. ముందు ప్రొఫైల్ తెరిచి రిపోర్టింగ్ ఆఫీసరు, అంటే మన లీవు ఓకే చేసే ఆయన పేరు చూడండి. తప్పుంటే హెచ్ఆర్‌కి పోర్టల్‌లోనే రిక్వెస్ట్ పెట్టి, ఆ నంబరు రాసుకోండి. నోటితో చెప్పింది టీ తాగేలోపు మర్చిపోతారు. లీవు పెట్టాక ‘సబ్మిటెడ్’ అని వస్తే పనైపోయినట్టు కాదు, ‘అప్రూవ్డ్’ అని పడేదాకా చూస్తూ ఉండాలి. సి షిఫ్టు వాళ్లకి ఇంకో చిక్కు. రాత్రి 10కి ఎక్కి పొద్దున్న 6కి దిగే డ్యూటీకి రెండు తేదీలు తగులుతాయి. మా దగ్గర డ్యూటీ మొదలయ్యే తేదీకే లీవు పెట్టాలి. తెల్లారే తేదీ వేసి, అటు లీవూ ఇటు జీతమూ పోగొట్టుకున్నవాళ్లున్నారు. హాజరు పంచ్ పడని రోజులు సరిచేయించుకోవడం కూడా జీతాల లెక్క మూసేలోపే. మాకది 20వ తేదీ. మీకెప్పుడో టైం ఆఫీసులో అడగండి.

“ఏటన్నా, జీతం ఇలగ తగ్గిపోనాది?” అని బస్సులో ఎవడో ఒకడు ఫోను నా ముందు పెడతాడు. పే స్లిప్‌లో మొదట చూడాల్సింది జీతం కట్టిన రోజులు. తర్వాత కటింగులు: బేసిక్, డీఏల మీద పీఎఫ్ 12 శాతం, నెలకి 20,000 దాటితే మన రాష్ట్రంలో వృత్తి పన్ను 200. మిగతావి క్యాంటీన్, బస్సు, అడ్వాన్సు.

నామినీ సంగతి ఎవరూ పట్టించుకోరు. పోర్టల్‌లో భార్య పేరు ఎక్కించేసి, పీఎఫ్‌కీ అదే చాలనుకుంటారు. చాలదు. కంపెనీ పోర్టల్‌లోది గ్రాట్యుటీకీ, ఇన్సూరెన్సుకీ. పీఎఫ్‌ది 12 అంకెల యూఏఎన్ (మన పీఎఫ్ నంబరు)తో పీఎఫ్ సంస్థ ఈపీఎఫ్‌ఓ సైట్‌లో విడిగా చేసుకోవాలి. పెళ్లికి ముందు రాసిన పీఎఫ్ నామినేషన్ పెళ్లయ్యాక చెల్లదు. మా లైన్లో కొత్త పెళ్లికొడుక్కి ఈ మాట చెబితే, “అమ్మ పేరుంది కదన్నా” అన్నాడు. పక్కన కూర్చోబెట్టి మార్పించాను.

ఆదాయపు పన్ను డిక్లరేషన్‌లో ఏమీ ఎంచుకోకపోతే కొత్త విధానంలోనే లెక్క కడతారు, 2023-24 నుంచి అంతే. ఎల్ఐసీ రసీదులు చూపించి పన్ను తగ్గించుకోవాలనుకునేవాళ్లు ముందే పాత విధానం ఎంచుకోవాలి.

సిమ్ మారుస్తున్నారా? ముందు పోర్టల్‌లో కొత్త నంబరు ఎక్కించి, తర్వాతే పాతది తీసేయండి. ఓటీపీ పాత సిమ్‌కే వస్తుంది.