24క్యూలో చలాన్ కలవక డిమాండ్ వచ్చిందా? నా అనుభవం

జీతాల టీడీఎస్ (జీతంలోంచి ముందే కోసే ఆదాయపు పన్ను) ఏడో తారీఖులోపే కట్టాం. అయినా 2024-25 రెండో త్రైమాసికం 24క్యూకి (జీతాల టీడీఎస్ రిటర్ను) ‘షార్ట్ పేమెంట్’, అంటే పన్ను తక్కువ కట్టారని డిమాండ్! హెల్ప్‌లైన్, బ్యాంకు, ఆడిటర్ గారి గుమాస్తా: అంతా కాలయాపనే.

చివరికి చలాన్ రసీదు ముందేసుకుని రిటర్నుతో అంకె అంకె పోల్చా. ఏడంకెల బీఎస్ఆర్ కోడ్ (బ్యాంకు శాఖ గుర్తు) సరే, అయిదంకెల చలాన్ నంబరూ సరే. తేడా తేదీలో. రిటర్నులో చెక్కు మీది 5 వేశాను, రసీదులో 6 ఉంది. (తప్పు నాదే లెండి.)

ట్రేసెస్‌లో (ఆదాయపు పన్ను శాఖ టీడీఎస్ వెబ్‌సైట్) డిడక్టర్ (పన్ను కోసేవారి) లాగిన్, డిఫాల్ట్స్ కింద ఆన్‌లైన్ కరెక్షన్ రిక్వెస్టు పెట్టా. కేవైసీలో (మనమేనని నిర్ధారించే దశ) టోకెన్ నంబరు (రిటర్ను వేసినప్పటి రసీదు సంఖ్య), రిటర్నులో ఉన్న వివరాలే ఇవ్వాలి. ‘అవైలబుల్’ అని వచ్చాక అన్‌మ్యాచ్డ్ (కలవని) చలాన్ తెరిచి, తేదీ దిద్ది సబ్మిట్ చేశా. కొన్నాళ్లకి డిమాండ్ సున్నా అయింది.

మీరు నిజంగానే తక్కువ కట్టినా, పాన్ తప్పు పడినా ఈ దారి కుదరకపోవచ్చు.