పిల్లలు – తప్పులు – కోపాలు: మూడో పాఠం

కిందటి పాఠంలో, పిల్లలు ఏడుస్తుంటే నీతులు చెప్పకుండా పక్కన కూర్చోవడం సాధన చేశాం. ఏడుపైతే తగ్గింది, పాడైన వస్తువు ఇంకా ఎదురుగానే ఉంది. ఇప్పుడేం చేయాలో చూద్దాం.

మన కోనసీమలో ఇది నేర్చుకోవడానికి కొబ్బరాకు చాలు. మొన్న దొడ్లో మా ఐదేళ్ల మనవడు ఆ ఆకుతో ఊదే బూర చుట్టాడు. తీరా చివర ఈనె పుల్ల గుచ్చబోతే పట్టు సడలి చుట్టంతా జర్రున విడిపోయింది. రెండోసారీ అంతే. "నాకు రాదు, పో అమ్మమ్మా!" అని ఆకు విసిరేశాడు.

"ఇలా తే, నేను చేస్తా" అని లాక్కోబుద్ధవుతుంది. ప్రేమతోనే లాక్కుంటాం. వాడికి మాత్రం తన చేతులు ఎందుకూ పనికిరావనిపిస్తుంది. దయచేసి లాక్కోకండి.

ముందు జరిగింది జరిగినట్టు చెప్పండి. "పుల్ల గుచ్చేలోపే విడిపోయింది, కోపమొచ్చింది కదూ?" చాలు. "ఇంతదానికే ఏడుస్తారా?" అనొద్దు. ఆవేశాన్ని అదుపు చేసే మెదడు ముందుభాగం ఎదగడానికి పాతికేళ్లు పడుతుంది, వీడికింకా ఐదే.

తర్వాత పనిని చివరి నుంచి అప్పగించండి. బూర నేను చుట్టి బిగించి పట్టుకున్నాను, పుల్ల వాడికిచ్చాను. రెండుసార్లు పక్కకు జారింది. సాయం చేయాలని నా చెయ్యి లాగింది, ఆపుకున్నాను. మూడోసారి దిగింది. సాయంత్రం దాకా వీధంతా బూర మోతే! మర్నాడు చివరి రెండు చుట్లూ వాడివే, ఆ మర్నాడు నాలుగు. ఇలా ఒక్కో మెట్టూ వెనక్కి జరపండి. పని ముగించేది ఎప్పుడూ పిల్లలే కావాలి. చొక్కా గుండీలకూ ఇదే పద్ధతి: పైవన్నీ మీరు పెట్టి, ఆఖరిది వాళ్లకు వదలండి.

మెచ్చుకోలు దగ్గర జాగ్రత్త. 1998లో అమెరికా మనస్తత్వవేత్తలు క్లాడియా మ్యూలర్, కెరోల్ డ్వెక్ ప్రచురించిన పరిశోధనలో, తెలివైనవాళ్లని పొగిడించుకున్న ఐదో తరగతి పిల్లలు, కష్టమైన చిక్కుప్రశ్నల్లో దెబ్బతిన్నాక, శ్రమకు మెప్పు పొందినవాళ్లకంటే తక్కువ పట్టుదల చూపారు. అందుకే నేను "నువ్వు గట్టివాడివిరా" అనలేదు. "జారినా మళ్లీ గుచ్చావు" అన్నాను.

ఆకలి మీదో నిద్ర మీదో ఉంటే ఇవేవీ పనిచేయవు. అన్నం పెట్టి పడుకోబెట్టండి.

ఈ వారం సాధన: మీ పిల్లలు తరచూ విసుక్కునే పని ఒకటి ఎంచుకుని, దాని ఆఖరి మెట్టు మాత్రం వాళ్లకివ్వండి. వచ్చే పాఠంలో, మన చేతిలో పూతరేకు చిరిగినప్పుడు పిల్లల ముందు ఏమనాలో చూద్దాం.