గంటెలు, సామలు, చోళ్లతో లోఫ్: మైదా లేదు, గుడ్డు లేదు, అయినా ముక్క విరగదు

మన శ్రీకాకుళం, విజయనగరం వైపు గంటెలు (సజ్జలు), చోళ్లు (రాగులు), సామలు అంటే కొత్తగా నేర్చుకోవాల్సిన తిండేం కాదు కదండి, చోడి అంబలి తాగి పొలం వెళ్లినోళ్ల ఇళ్లల్లోనే పుట్టాం అందరం. కానీ ఇప్పుడు గుంటలకి (పిల్లలకి) అంబలి అంటే పడదు, సామల అన్నం ఒక పూట తింటారు, రెండో పూట వద్దంటారు. అవే గింజల్ని ఉడకబెట్టి, పప్పులు, జీడిపప్పు కలిపి ఒక దిమ్మలాగ, అంటే లోఫ్‌లాగ, కాల్చి, పైన చింతపండు బెల్లం పూసి ముక్కలు కోసి పెట్టండి, ఆళ్లే ఇంకో ముక్క అడుగుతారు. ఇంగ్లండులో మాంసం తిననోళ్లు క్రిస్మస్ పూట నట్ రోస్ట్ అని ఇలాంటిదే చేసుకుంటారు, మనకైతే గింజలూ పప్పూ అన్నీ చుట్టుపక్కలే దొరుకుతాయి.

ముందే ఒక మాట చెప్పేస్తాను, ఇది బ్రెడ్డు కాదు, పొంగదు. గోధుమలో ఉండే గ్లూటెన్ వీటిల్లో దేంట్లోనూ లేదు, అందుకని ఈస్టు వేసినా లాభం లేదు. ఇది బరువుగా, నిండుగా ఉండే తిండి, రెండు ముక్కలు తింటే మధ్యాహ్నం భోజనం అయిపోయినట్టే. ఇందులో అసలు పని అంతా ఏటంటే దిమ్మ విడిపోకుండా పట్టి ఉంచడం. చాలామంది చేసినది కత్తి పెట్టగానే ఉప్మాలాగ రాలిపోతాది, అప్పుడు మైదా కలపడమో బ్రెడ్డు పొడి కలపడమో చేస్తారు, అవేం అక్కర్లేదు. ఆ పట్టు మన మినపపిండిలోనూ చోడి పిండిలోనూ ఉంది, ఎలగ వాడాలో తెలిస్తే చాలు.

కావాల్సినవి చెప్తాను, ఇవి కిలో పైచిలుకు దిమ్మకి సరిపోతాయి, ఐదారుగురు తినొచ్చు. గంటెలు 100 గ్రాములు, సామలు 100 గ్రాములు, పొట్టుతో ఉన్న పెసలు 80 గ్రాములు, మినపగుళ్లు 60 గ్రాములు, చోడి పిండి 40 గ్రాములు, జీడిపప్పు 75 గ్రాములు, నువ్వులు రెండు పెద్ద చెంచాలు, ఉల్లిపాయలు పెద్దవి రెండు, క్యారెట్ ఒకటి, ఒలిచిన మునగాకు ఒక గుప్పెడు, వెల్లుల్లి ఏడెనిమిది రెబ్బలు, చిన్న అల్లం ముక్క, పచ్చిమిర్చి మూడు, జీలకర్ర, ధనియాలు, మిరియాలు, కొంచెం వాము, ఉప్పు రెండు చిన్న చెంచాలు తలగొట్టి, నువ్వుల నూనె ఒక 50 మిల్లీలీటర్లు. పైపూతకి నిమ్మకాయంత చింతపండు, దానికి సమానంగా బెల్లం.

గింజలు కొనేటప్పుడు కొంచెం చూసుకోవాలి. సామలు మరీ తెల్లగా మెరుస్తుంటే బాగా పాలిష్ పట్టేసినవి, పైన తవుడంతా పోయినట్టే, కొంచెం మబ్బు రంగులో ఉన్నవి తీసుకోండి, అవే ఉడికాక కూడా గింజ గింజగా నిలుస్తాయి. 2023ని ఐక్యరాజ్యసమితి చిరుధాన్యాల సంవత్సరం అన్నాక సూపర్ మార్కెట్లలో కూడా రంగురంగుల ప్యాకెట్లు కనిపిస్తన్నాయి గానీ, సీతంపేట, పార్వతీపురం, సాలూరు వైపు సంతల్లో కొండల నుంచి తెచ్చి అమ్మేవాళ్ల దగ్గర తీసుకుంటే రుచే వేరు, కాకపోతే వాటిల్లో రాళ్లూ మట్టీ ఉంటాయి కాబట్టి ఓపికగా గాలించుకోవాలి, ఒక్క రాయి పంటి కింద పడిందంటే ఇంక ఆ ముక్క ఎవరూ తినరు. గంటెలు మాత్రం పిండిగా కొనకండి, గింజల్లో నూనె ఎక్కువ కాబట్టి పిండి పట్టిన కొన్ని రోజులకే చేదెక్కి ముక్కిన వాసనొస్తాది. చోళ్లకి మనకి కొరతే లేదు, విజయనగరం వ్యవసాయ పరిశోధన కేంద్రం నుంచే శ్రీచైతన్య, వేగావతి లాంటి రకాలు వచ్చాయి. 100 గ్రాముల చోళ్లలో క్యాల్షియం 340 మిల్లీగ్రాములకి పైనే ఉంటాది, ఇంట్లో పెద్దోళ్లకి ఇది పెట్టమని నేను గట్టిగా చెప్పడానికి అదొక కారణం. జీడిపప్పు గుళ్లు అక్కర్లేదు, పలాస నుంచి వచ్చే బద్దలు, ముక్కలు చవగ్గా వస్తాయి, ఎలాగూ దంచేదే కదా.

ముందురోజు రాత్రి గంటెలు, పెసలు విడివిడిగా నానబెట్టండి. మినపగుళ్లు పొద్దున్న నానబెట్టినా చాలు, నాలుగు గంటలు పడతాది. గంటెలు కుక్కర్లో మూడింతలు నీళ్లు పోసి ఆరేడు విజిల్స్ రానివ్వాలి, గింజ వేళ్ల మధ్య నొక్కితే నలగాలి గానీ పేస్టు అవ్వకూడదు. పెసలు విడిగా గిన్నెలో ఉడికించుకోండి, కుక్కర్లో అయితే రెండు విజిల్స్ చాలు, ఎక్కువైతే పప్పైపోతాది. సామలు 200 మిల్లీలీటర్ల నీళ్లతో మూతపెట్టి సన్నటి సెగ మీద పొడిపొడిగా వండాలి, స్టవ్ ఆపేశాక పది నిమిషాలు మూత తియ్యకండి. ఇప్పుడు అందరూ తొందరపడి వదిలేసే పని ఒకటుంది, ఉడికిన గంటెల్ని, పెసల్ని జల్లెడలో వేసి నీళ్లు ఓడ్చి, మూడూ వెడల్పు పళ్లెంలో పరిచి ఫ్యాన్ కింద ఒక అరగంట ఆరబెట్టాలి. చేత్తో తాకితే తడి అంటకూడదు. లోపల నీళ్లుంటే ఎంత కాల్చినా మధ్యలో ముద్దగానే ఉండిపోతాది, పై భాగం మాత్రం మాడిపోతాది. వడగట్టిన నీళ్లు పారబొయ్యకండి, చారులో వేసుకోవచ్చు.

ఇక పట్టు సంగతి. నానిన మినపగుళ్లు గారెల పిండిలాగ గట్టిగా రుబ్బుకోవాలి, నీళ్లు చిలకరించడమే తప్ప పొయ్యకూడదు. మినప్పప్పులో ఉన్న జిగురే ఇక్కడ గుడ్డు చేసే పని చేస్తాది, రుబ్బేటప్పుడు గాలి కూడా పట్టి ఉంచుతాది కాబట్టి దిమ్మ మరీ రాయిలా అవ్వదు. రుబ్బురోలు ఉన్నోళ్లు రోట్లోనే రుబ్బండి, మిక్సీ వేడికి పిండి అంత పొంగు రాదు, మిక్సీయే గతి అయితే ఆపి ఆపి తిప్పండి, చల్లటి నీళ్లు చిలకరించండి. రెండోది చోడి పిండి. దీన్ని పొడిపిండిగా కలిపేస్తే తేమంతా లాగేసుకుని దిమ్మ పొట్టుపొట్టుగా ఎండిపోతాది, అందుకని ముందు మూకుట్లో కమ్మటి వాసన వచ్చేదాకా వేయించి, 120 మిల్లీలీటర్ల నీళ్లు కొంచెం కొంచెంగా పోస్తూ ఉండ కట్టకుండా కలిపి, సన్నటి సెగ మీద దగ్గరికి రానిచ్చి ముద్ద చెయ్యాలి. ఉడికిన చోడి పిండి జిగురుగా సాగుతాది, ఆ జిగురు గింజకీ గింజకీ మధ్య అంటుకుని చల్లారాక బిగుసుకుంటాది. మినపపిండి ఒక్కటే వేస్తే మెత్తగా ఉండి ముక్క వంగిపోతాది, చోడి ముద్ద ఒక్కటే వేస్తే గట్టిగా జిగటగా ఉంటాది, రెండూ ఉంటేనే కత్తికి లొంగుతూ చేతిలో నిలబడతాది.

ఉల్లిపాయలు సన్నగా తరిగి సగం నూనెలో వేయించండి, పచ్చివాసన పోతే సరిపోదు, బంగారు రంగు దాటి గోధుమ రంగు రావాలి, దీనికి పావుగంట పైనే పడతాది, ఈ లోఫ్‌లో రుచి సగం ఇక్కడి నుంచే వస్తాది కాబట్టి తొందర వద్దు. దాంట్లోనే దంచిన అల్లం, వెల్లుల్లి, పచ్చిమిర్చి వేసి, తురిమిన క్యారెట్, మునగాకు వేసి తడి ఆరేదాకా వేయించాలి. జీలకర్ర, ధనియాలు, మిరియాలు వేయించి బరకగా దంచి కలపండి. ఆనపకాయ, గుమ్మడికాయ వెయ్యాలనుకుంటే తురిమి ఉప్పు రాసి గట్టిగా పిండి వెయ్యండి, లేదంటే నీళ్లు దిగిపోతాయి. నువ్వులు, జీడిపప్పు కూడా వేయించుకుని, జీడిపప్పు సగం పొడిలాగ, సగం పలుకులుగా దంచాలి.

కలపడం ఇలగ. గంటెలు, పెసలు, సామలు అన్నీ కలిపేసి అందులో మూడో వంతు తీసి పప్పుగుత్తితో బాగా మెదిపెయ్యండి, మిగతాది గింజలుగానే ఉండనివ్వండి. మొత్తం మెదిపేస్తే గింజల రుచీ, నమిలే సుఖమూ రెండూ పోతాయి, అసలు మెదపకపోతే పట్టు రాదు. వేడి చోడి ముద్దని ముందు మెదిపిన దాంట్లో కలిపి, ఆ తర్వాత వేయించిన ఉల్లిపాయలు, జీడిపప్పు, నువ్వులు, వాము, ఉప్పు, మిగిలిన గింజలు వేసి, అంతా గోరువెచ్చగా అయ్యాక ఆఖర్న మినపపిండి వేసి చేత్తో కలపాలి. గరిటె వద్దు, చేత్తో అయితేనే ఎక్కడ పొడిగా ఉందో ఎక్కడ తడిగా ఉందో తెలుస్తాది.

ఇప్పుడు పొయ్యి మీద పెనం పెట్టి చిన్న వడంత ముద్ద తీసి తట్టి రెండు వైపులా కాల్చి చూడండి. ఉప్పు, కారం తెలుస్తాది, పట్టు కూడా తెలుస్తాది. తిప్పేటప్పుడు విరిగిపోతే మెదిపిన భాగం తక్కువైందన్నమాట, ఇంకో రెండు గుప్పెళ్లు మెదిపి కలపండి. జారుగా ఉంటే వేయించిన చోడి పిండి ఒక చెంచా చల్లండి. దిమ్మ కాల్చేశాక సరిచెయ్యడానికి ఏం ఉండదు, ఈ ఐదు నిమిషాల పని మాత్రం ఎవరూ మానొద్దని నా మనవి.

డబ్బాకి నూనె రాసి అడుగునా పక్కలా అరిటాకు పరచండి, సెగ చూపించి మెత్తబడ్డాక పరిస్తే చిరగదు. మనవైపు పచ్చి అడ్డాకులు దొరికితే ఇంకా బావుంటాది, కాలేటప్పుడు వచ్చే ఆ వాసన బటర్ పేపర్‌కి రాదు. 9 అంగుళాల పొడవు, 5 అంగుళాల వెడల్పు బ్రెడ్డు డబ్బా అయితే సరిగ్గా పడతాది. పిండి వేస్తూ వేస్తూ తడి చేత్తో గట్టిగా అదమాలి, మూలల్లో ఖాళీ ఉంటే కోసేటప్పుడు అక్కడే విరుగుతాది. ఓటీజీ (చిన్న కరెంటు ఓవెన్) ఉంటే 180 డిగ్రీల దగ్గర ముందే వేడి చేసుకుని 45 నిమిషాలు పెట్టండి. ఓవెన్ లేనోళ్లు పాత కుక్కర్ తీసుకుని, గాస్కెట్, వెయిట్ రెండూ తీసేసి, అడుగున రాళ్ల ఉప్పు ఒక అంగుళం మందాన పరిచి, స్టాండ్ పెట్టి, పది నిమిషాలు వేడెక్కాక డబ్బా పెట్టండి, దీనికి 7 అంగుళాల గుండ్రటి డబ్బా, 3 అంగుళాల లోతుది కావాలి, సన్నటి సెగ మీద గంటా గంటంపావు పడతాది. ఊళ్లో కట్టెల పొయ్యి ఉన్నోళ్లకి నేను చెప్పేదేముంది, దిబ్బరొట్టె కాల్చినట్టే మందపాటి మూకుట్లో వేసి, కింద నిప్పులు తక్కువ, మూత మీద నిప్పులు ఎక్కువ పెట్టి కాల్చండి, మూడిట్లో నాకు బాగా నచ్చేది అదే, చుట్టూ వచ్చే ఎర్రటి పెచ్చు ఇంకెలాగా రాదు.

ఈలోపు చింతపండు గుజ్జు చిక్కగా తీసి, బెల్లం, చిటికెడు ఉప్పు, కొంచెం కారం వేసి తీగలా జారేదాకా ఉడికించండి. బెల్లం పులుసు తినే ఇళ్లు కదా మనవి, ఈ రుచి ఎవరికీ కొత్తనిపించదు. 45 నిమిషాలకి దిమ్మ బయటికి తీసి పైన ఇది మందంగా పూసి, మిగిలిన నువ్వులుంటే చల్లి, ఇంకో పావుగంట పెట్టండి. మొదట్లోనే పూసేస్తే బెల్లం మాడి చేదెక్కిపోతాది. మధ్యలో కత్తి గుచ్చితే పచ్చిపిండి అంటకూడదు, కొంచెం తేమ ఉంటే పర్లేదు.

తీశాక వెంటనే కొయ్యొద్దండి, దయచేసి. కనీసం అరగంట డబ్బాలోనే ఉంచాలి. వేడి మీద చోడి ముద్దలో జిగురు ఇంకా వదులుగానే ఉంటాది, చల్లారేకొద్దీ బిగుస్తాది, ఇంత చేసి ఆకలికి ఆగలేక కోసేస్తే ముక్కలన్నీ విరిగిపోతాయి. పళ్లెంలోకి బోర్లించి, ఆకు తీసేసి, బ్రెడ్డు కోసే పళ్లున్న కత్తితో రంపంలా లాగుతూ వేలెడు మందాన కొయ్యండి.

వేడి వేడిగా తింటే పక్కన అల్లం పచ్చడి గానీ, ఆవ పెట్టిన పెరుగు పచ్చడి గానీ బావుంటాది, చారన్నంలో నంజుకున్నా బావుంటాది. నిజానికి రెండో రోజు ఇంకా బావుంటాది. ఫ్రిజ్‌లో పెట్టిన దిమ్మ బాగా గట్టిపడి పల్చగా కూడా తెగుతాది, ఆ ముక్కల్ని పెనం మీద నూనె వేసి రెండు వైపులా ఎర్రగా కాల్చి గుంటలకి స్కూల్ బాక్సులో పెట్టొచ్చు. ఫ్రిజ్‌లో మూడు రోజులు ఉంటాది, మన వేసవిలో బయట పెడితే సాయంత్రానికే పులిసిపోతాది. చలికాలంలో పెసల బదులు ఉలవలు వేసి చెయ్యండి, ఉలవలు మాత్రం రాత్రంతా నానాలి, ఐదారు విజిల్స్ కావాలి, మిరియాలు ఇంకొంచెం ఎక్కువ పడతాయి.