ఫ్రాస్ట్‌గ్రేవ్‌లో నిప్పుల దండు కట్టడం ఎలా

ముందే ఒక మాట చెప్పేస్తా. ఫ్రాస్ట్‌గ్రేవ్ అంటే టేబుల్ మీద చిన్న బొమ్మలతో ఆడే ఆట, దాని రూల్స్‌లో అగ్ని దండు అని విడిగా ఏమీ లేదు. పది మంత్ర శాఖలుంటాయి, అందులో ప్రకృతి శక్తులతో పనిచేసే ఎలిమెంటలిస్ట్ ఒకటి. ఆ మాంత్రికుణ్ణి తీసుకుని, మిగతా నిప్పంతా మనమే అంటించుకోవాలి. ఆస్ప్రే అనే పబ్లిషర్ వాళ్ళు 2015లో తెచ్చిన ఆట ఇది, 2020లో రెండో ఎడిషన్ వచ్చింది, నేను చెప్పేదంతా ఆ రెండో ఎడిషన్ లెక్కే. మంచులో కూరుకుపోయిన పాత నగరం, అందులో నిధుల కోసం మాంత్రికుల గుంపులు కొట్టుకోవడం, అంతే కథ.

నెల్లూరు, ఒంగోలు వైపు ఉండేవాళ్ళకి ఈ ఆటే ఎందుకు చెప్తున్నానంటే, ఇందులో ఏ కంపెనీ బొమ్మైనా వాడుకోవచ్చు. కొన్ని ఆటలకి ఫలానా పెట్టె కొంటేనే ఫలానా దండు, ఆ పెట్టె బయటి దేశం నుంచి తెప్పించుకుంటే షిప్పింగ్, కస్టమ్స్ కలిపి బొమ్మ ధరని మింగేస్తాయి. ఇక్కడ ఆ బాధ లేదు. మాంత్రికుడు, శిష్యుడు, ఎనిమిది మంది బంట్లు, మొత్తం పదిమంది. ఊళ్ళో త్రీడీ ప్రింటర్ ఉన్న కాలేజీ కుర్రాడు ఎవరైనా దొరికితే 28 మిల్లీమీటర్ల సైజులో ప్రింట్ చేయించుకోండి, లేదంటే పిల్లల సైనికుల బొమ్మలకి గుడ్డ ముక్కలు అతికించినా సరే, ఎదుటివాడికి ఎవడు ఎవడో తెలిస్తే చాలు.

ఇక అసలు సంగతి. నిప్పు దండు తీసుకున్నవాళ్ళు ఎక్కువగా ఓడిపోయేది చంపబోయి. ఎలిమెంటల్ బోల్ట్ అనే మంత్రం చూడగానే నోరూరుతుంది, ప్లస్ 7 దాడి మరి, అంటే దాడి డైస్‌కి 7 కలుస్తుంది. కానీ లెక్క వేసి చూడండి. దాని కాస్టింగ్ నంబర్, అంటే మంత్రం పడడానికి డైస్ మీద రావాల్సిన అంకె, 12. ఇరవై ముఖాల డైస్ మీద 12 గానీ అంతకంటే ఎక్కువ గానీ పడే అవకాశం నూటికి 45. అంటే సగం కంటే ఎక్కువ సార్లు మంత్రం చేతిలోనే ఆరిపోతుంది. శిష్యుడికైతే రెండు తగ్గుతుంది కాబట్టి 14 పడాలి, నూటికి 35. పైగా మరీ తక్కువ పడితే మంత్రం వేసినవాడికే దెబ్బ: 5 నుంచి 9 తేడాతో పోతే హెల్త్ (ప్రాణం) ఒకటి తగ్గుతుంది, 10 గానీ అంతకు మించి గానీ అయితే రెండు.

సరే, మంత్రం పడిందనుకుందాం. ఎదురుగా థగ్ అనే మామూలు బంటు ఉన్నాడు, ఆర్మర్ (కవచం) 10, హెల్త్ 10. మీకు దాడి డైస్ 12 పడింది, 7 కలిపితే 19, వాడి డైస్ మీద మీరు గెలిచారు, ఆర్మర్ 10 తీసేస్తే 9 దెబ్బ. వాడు ఒక్క హెల్త్‌తో ఇంకా నిలబడే ఉంటాడు! "అబ్బయా, ఒక్క బోల్ట్‌తో పోతాడు" అని ప్లాన్ చేసుకున్న టర్న్ అంతా బూడిదే. పైగా ఆ థగ్ ఎదుటివాడికి ఫ్రీగా వచ్చిన మనిషి.

కాబట్టి బోల్ట్‌ని దాచుకోండి. దేనికంటే, నిధి మోసేవాడికి. నిధి ఎత్తుకున్నవాడి నడక సగమైపోతుంది, 6 అంగుళాలు నడిచేవాడు 3 అంగుళాలే నడుస్తాడు, పోరాటంలోనూ ఒకటి తగ్గుతుంది. నిధితో టేబుల్ అంచు దాటి బయటపడడానికి వాడికి చాలా టర్న్‌లు పడతాయి, అంటే మీకు మళ్ళీ మళ్ళీ గురి దొరుకుతుంది. ఒకసారి మంత్రం ఆరిపోయినా ఇంకోసారి వేయొచ్చు. అదే నిధి లేనివాడి మీద వేస్తే వాడు ఒక గోడ చాటుకి పోతే అయిపోయింది. ఈ ఆటలో గెలుపంటే నిధులే, శవాలు లెక్కకి రావు.

మంత్రాలు ఎనిమిది ఎంచుకోవాలి. సొంత శాఖలోవి మూడు, దగ్గరి శాఖలు మూడింటిలో ఒక్కోటి, దగ్గరివీ విరోధివీ కాని తటస్థ శాఖల నుంచి రెండు. దగ్గరి శాఖ మంత్రానికి కాస్టింగ్ నంబర్ 2 పెరుగుతుంది, తటస్థ శాఖదైతే 4. సొంత మూడూ నా లెక్కలో ఇవి: బోల్ట్, ఎలిమెంటల్ బాల్, వాల్. బాల్ ప్లస్ 5 దాడే, కానీ పడినచోట చుట్టూ ఒకటిన్నర అంగుళంలో ఉన్నవాళ్ళందరికీ తగులుతుంది. మీవాళ్ళతో సహా. అందుకని బాల్ వేయాలనుకున్న టర్న్‌లో మీ బంట్లని అటు తోలకండి, ముందు మంట పడనివ్వండి, తర్వాత నడవండి. ఒక్కో టర్న్‌లో మాంత్రికుడి ఫేజ్ (వంతు) బంట్ల ఫేజ్ కంటే ముందే వస్తుంది గనక ఇది కుదురుతుంది, కాకపోతే మాంత్రికుడి దగ్గర 3 అంగుళాల్లో ఉన్న ముగ్గురిదాకా ఆయనతోపాటే కదల్చొచ్చని గుర్తుంచుకోండి.

వాల్ గురించి ఎవరూ పెద్దగా మాట్లాడరు గానీ నిప్పు దండుకి ప్రాణం అదే. 6 అంగుళాల పొడవు, 3 అంగుళాల ఎత్తు గోడ లేస్తుంది, నడకకి అడ్డం పడుతుంది. మనకి అది మంటల గోడ అన్నమాట, ఆరు అంగుళాల కార్డ్‌బోర్డ్ ముక్కకి దూది అతికించి రంగు వేసి పెట్టుకోండి, టేబుల్ మీద పెట్టగానే ఎదుటివాడి ముఖం చూడాలి. రెండు ఇళ్ళ మధ్య సందులో పెడితే నిధి మోసేవాడు చుట్టూ తిరిగి రావాలి, సగం నడకతో. అప్పుడు బోల్ట్. ఈ రెండూ జంటగా వాడడమే నిప్పు దండు ఆడే పద్ధతి, మిగతావన్నీ అలంకారం.

హెల్త్ పెట్టి మంత్రాన్ని పెంచుకునే రూల్ ఒకటుంది. డైస్ పడ్డాక ఎంత తక్కువైతే అంత హెల్త్ ఇచ్చేసి మంత్రం పడేలా చేసుకోవచ్చు. మాంత్రికుడి హెల్త్ 14. తొమ్మిది పడితే మూడు ఇచ్చి బోల్ట్ వేయొచ్చు. నిధి అంచు దాటబోతుంటే తప్పకుండా ఇవ్వండి, రెండో టర్న్‌లో ఎవడో దారిన పోయే థగ్ మీద కోపమొచ్చి ఇవ్వకండి. ఇంకోటి, గురి కనిపించాలంటే మీరూ కనిపించాలి. మాంత్రికుడి ఆర్మర్ 10 మాత్రమే, అవతల విల్లు పట్టినవాళ్ళు ఇద్దరుంటే బయట నిలబడ్డ మాంత్రికుడు ఎక్కువసేపు ఉండడు. బోల్ట్ వేసి గోడ చాటుకి వెళ్ళేలా ముందే చోటు చూసుకోండి.

బంట్లలో స్పెషలిస్ట్‌లు అనే మేలిరకంవాళ్ళు నలుగురికి మించకూడదు. మొదటి ఆటకి ఫ్రీగా వచ్చే థగ్‌లు, థీఫ్‌లతో నింపేయండి, డబ్బు తర్వాత చూసుకోవచ్చు.

ఇప్పుడు రంగు. నాకు ఆట కంటే ఇదే ఎక్కువ ఇష్టం, కాబట్టి కాస్త సాగదీస్తా. మంట వేసేటప్పుడు చాలామంది మొదట్లో ఎరుపు, కొసకి పసుపు వేస్తారు, ఎందుకంటే మిగతా బొమ్మకి ఎత్తుగా ఉన్నచోట లేత రంగు వేయడం అలవాటు. మంట దానికి తిరగబడి ఉంటుంది. అనుమానముంటే ఒక పళ్ళెంలో కర్పూరం బిళ్ళ వెలిగించి చూడండి: నడుమ తెల్లటి పసుపు, పైకి పోయేకొద్దీ నారింజ, ఎరుపు, చివర నల్లటి మసి. అదే వరుస. బొమ్మ మంట భాగమంతా తెల్లగా ప్రైమ్ చేసి (అంటే రంగు పట్టడానికి మొదటి పూత వేసి), దాని మీద పల్చటి పసుపు పారనివ్వండి, లోతుల్లో తెలుపు కనిపిస్తూ ఉండాలి. ఆరాక మధ్య నుంచి పైకి నారింజ, దాని పైన ఎరుపు, ఒక్కోసారి పాత రంగు కొంచెం వదిలేస్తూ. కొనల మీద మాత్రం నలుపుని పొడి బ్రష్‌తో తాకీ తాకనట్టు.

స్టేషనరీ షాపులో దొరికే ఫెవిక్రిల్ రంగులు చాలు, కానీ నేరుగా డబ్బాలోంచి వేయకండి, నీళ్ళు కలిపి పాల చిక్కదనానికి తెచ్చుకోండి, రెండు మూడు పూతలు వేయాల్సి వస్తుంది, ఓపిక పట్టండి. పసుపు మరీ నీరసంగా కప్పుతుంది, అందుకే కింద తెలుపు. దండు బట్టలకి నిప్పు రంగులు వేయకండి. పదిమందీ ఎర్రగా ఉంటే ఎవరి చేతిలో మంట ఉందో తెలియదు. బూడిద, ముదురు నీలం, బొగ్గు రంగు వేసి, చేతిలోని మంటకి దగ్గరగా ఉన్న ముక్కు, గడ్డం, మోచేయి మీద మాత్రం కొంచెం నారింజ తాకించండి.

మన వాతావరణం గురించి రంగు వేసే వీడియోలు చెప్పవు. మే నెల, రోహిణి కార్తెలో ఫ్యాన్ కింద కూర్చుంటే రంగు ప్లేట్ మీదే ఎండిపోతుంది. మూత ఉన్న ప్లాస్టిక్ డబ్బాలో తడి స్పాంజ్, దాని మీద బటర్ పేపర్ పెట్టుకుని రంగు దాని మీద కలపండి, గంటలు నిలుస్తుంది. స్ప్రే ప్రైమర్ ఎండ వేళ కొడితే గాల్లోనే ఆరి బొమ్మ మీద ఇసుకలా కూర్చుంటుంది. అక్టోబర్ నుంచి డిసెంబర్ దాకా మనకి అసలు వానలు, అప్పుడు గాల్లో తేమకి స్ప్రే పాలిపోతుంది. ఈ గొడవంతా ఎందుకు, బ్రష్‌తో పూసే ప్రైమర్ తెచ్చుకోండి.

బేస్‌లకి, అంటే బొమ్మ నిలబడే అడుగు దిమ్మెలకి, మాత్రం మనం అదృష్టవంతులం. బయటి దేశాల్లో డబ్బులు పోసి కొనుక్కునే పలక రాయి మనకి మార్కాపురంలో ఉంది. బడి పలకల కాలం పోయాక టైల్స్‌గా వెళ్తోంది, ముక్కలు ఎక్కడైనా దొరుకుతాయి. పాత కత్తి మొన పెడితే పొరలు పొరలుగా విడిపోతుంది, ఆ పొరల్ని ఒకదాని మీద ఒకటి వంకరగా అతికిస్తే కూలిపోయిన మెట్లు తయారు. చీమకుర్తి బ్లాక్ గెలాక్సీ గ్రానైట్ ముక్క దొరికితే నాయకుడి బేస్‌కి పెట్టండి, నల్ల రాయిలో బంగారు చుక్కలు ఉంటాయి, దానికి రంగే అక్కర్లేదు, బరువుకి బొమ్మ పడిపోదు కూడా. ఇంట్లో గ్రైండర్ పెట్టి కోయకండి, ఆ రాతి దుమ్ము ఊపిరితిత్తులకి మంచిది కాదు, పాలిష్ యూనిట్ల దగ్గర పారేసిన చిన్న ముక్కలే ఏరుకోండి. పలక విరిచేటప్పుడు కూడా మాస్క్ పెట్టుకోండి.

మంచుకి వంట సోడా వాడమని చాలామంది చెప్తారు, కొన్నాళ్ళకి పచ్చబడుతుంది. తెల్లటి ముగ్గు పిండి, ఫెవికాల్, కొంచెం తెల్ల రంగు కలిపి ముద్ద చేసి బేస్ అంచుల్లో పూయండి. మంట ఉన్న బొమ్మ పాదాల చుట్టూ మాత్రం పూయకుండా రాయిని వదిలేసి, మంచు మొదలయ్యే అంచున పల్చటి నీళ్ళ వార్నిష్ ఒక చుక్క. కరిగిన తడి కనిపిస్తుంది. ముద్ద ఆరడానికి ఒక రాత్రి వదిలేయండి, వానాకాలమైతే రెండు.