సెకిరోలో గెనిచిరోని చివరికి ఎలా కొట్టానంటే

సెకిరో అనే కత్తియుద్ధాల వీడియో గేమ్ మూడు రోజులు ఆడినా కోట పైన ఉండే గెనిచిరో అనే బాస్ (పెద్ద శత్రువు) దగ్గరే ఆగిపోయాను, కంట్రోలర్ విసిరేయడం ఒక్కటే తక్కువ. నా తప్పేంటంటే వాడు కత్తి ఎత్తగానే వెనక్కి పరిగెత్తేవాణ్ని, దూరం జరిగితే బాణాలేస్తాడు, పైగా ఆ గ్యాప్‌లో వాడి పోశ్చర్ బార్ (ఇది నిండితే బ్యాలెన్స్ తప్పి ఫైనల్ దెబ్బకి దొరుకుతాడు) మళ్ళీ తగ్గిపోతుంది, అంటే అప్పటిదాకా పడ్డ కష్టమంతా బూడిదలో పోసినట్టే.

తర్వాత మొండిగా వాడి మీదే అతుక్కుని కొట్టడం మొదలుపెట్టా. రెండు మూడు దెబ్బలు వేశాక ఖణేల్ మని గట్టి సౌండ్, పెద్ద నిప్పురవ్వలు వస్తాయి చూడండి, అంటే మన దెబ్బని వాడు డిఫ్లెక్ట్ చేశాడని (కత్తితో తిప్పికొట్టాడని), ఇక కొట్టడం ఆపి గార్డ్ బటన్ టైమింగ్‌తో నొక్కాలి. ఎర్ర అక్షరం (మామూలు గార్డ్‌తో ఆగని దెబ్బ వస్తోందన్న హెచ్చరిక) కనిపిస్తే మాత్రం కంగారు పడకుండా కత్తి చూడండి, పొడవడానికి వస్తే మికిరి కౌంటర్ (అంటే ముందుకి డాడ్జ్ చేసి వాడి కత్తిని కాలితో తొక్కేయడం, ఈ స్కిల్ ముందే కొనుక్కోండి, ఇది లేకుండా వెళ్ళడం దండగ), కింద నుంచి తిప్పితే జంప్.

హెల్త్ ముందు కాస్త తగ్గిస్తే పోశ్చర్ కోలుకోవడం కూడా స్లో అవుతుంది, ఇది నాకు చాలా లేటుగా వెలిగింది.

మూడో ఫేజ్‌లో మెరుపు చూసి భయపడ్డా కానీ నిజానికి అదే ఈజీ! వాడు వదిలేటప్పుడు గాల్లోకి ఎగిరి మెరుపు తగలనిచ్చి, కాళ్ళు నేలకి ఆనకముందే అటాక్ నొక్కితే తిరిగి వాడికే తగులుతుంది. రెండుసార్లు అలా కొట్టా, అంతే, పడిపోయాడు.