కాలనీ మారిన తీరును నమోదు చేయడం ఎలా?

హైదరాబాద్ ఎంత మారిందని అడిగితే చాలామంది మాదాపూర్ అద్దాల మేడలను చూపిస్తారు. మార్పును నిజంగా తెలుసుకోదలచినవారు మేడలతో కాక, ఏ కాలంలో ఏ పని చేసేవారు ఎక్కడ స్థిరపడ్డారన్న ప్రశ్నతో మొదలుపెట్టాలి. నగరమంతటినీ ఒకేసారి తలకెత్తుకోకుండా బాలానగర్–కూకట్‌పల్లి–మియాపూర్ వంటి ఒక్క దారిని ఎంచుకోవడం మేలు.

ముందుగా ఉపాధి వరుసను రాసుకోండి. 1961లో ఏర్పడిన ప్రభుత్వరంగ సంస్థ ఐడీపీఎల్ ఇక్కడ మందుల కర్మాగారం పెట్టడం వల్ల ఉద్యోగాలు రావడమే కాదు, అక్కడ పనిచేసిన అంజిరెడ్డి (డాక్టర్ రెడ్డీస్ స్థాపకుడు) వంటివారు తరువాత సొంత కంపెనీలు స్థాపించడంతో నగరంలో ఔషధ పరిశ్రమ వేళ్లూనుకుంది. 1998లో మాదాపూర్‌లో ఐటీ కంపెనీల భవనం సైబర్ టవర్స్ ప్రారంభమయ్యాక కూకట్‌పల్లి హౌసింగ్ బోర్డు కాలనీలో మధ్యతరగతి కోసం కట్టిన ఇళ్లకు కొత్త అద్దెదారులు వచ్చారు. 2017లో మెట్రో వచ్చింది.

తరువాత కాగితాలు చూడండి. సబ్‌రిజిస్ట్రార్ కార్యాలయంలో ఈసీ (ఆస్తిపై రిజిస్టరైన లావాదేవీలను చూపే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీయిస్తే ఒక ప్లాటు ఎప్పుడెప్పుడు చేతులు మారిందో తెలుస్తుంది. జనాభా లెక్కలను పోల్చేటప్పుడు మాత్రం జాగ్రత్త అవసరం: 2001లో కూకట్‌పల్లి వేరే మున్సిపాలిటీ, 2007లో జీహెచ్‌ఎంసీలో కలిసింది కనుక హద్దులు సరిచూడకుండా అంకెలు పక్కపక్కన పెట్టకూడదు.

అద్దెకున్నవారు ఈసీలో కనిపించరు. అందుకే వీధిలో నడవాలి. పాత ఇంటి గోడకు ఒకటో రెండో కరెంటు మీటర్లుంటాయి. దాని స్థానంలో లేచిన అపార్టుమెంటు మెట్ల కింద వరుసగా బిగించిన మీటర్లను లెక్కపెడితే అదే స్థలంలో ఎన్ని కుటుంబాలు చేరాయో అంచనాకు వస్తుంది. తెల్లవారుజామున కూలీల అడ్డా దగ్గరకు వెళ్లి, పాలమూరు నుంచి ఎవరు వచ్చారో, ఒడిశా, బిహార్‌ల నుంచి ఎవరు వచ్చారో అడగండి.

పెద్దవారిని కలిసినప్పుడు "అప్పట్లో ఎలా ఉండేదండీ" అని అడిగితే జ్ఞాపకాలే వస్తాయి. మొదటి జీతమెక్కడ తీసుకున్నారు, ఇల్లు కట్టడానికి అప్పెవరిచ్చారు, పిల్లలిప్పుడెక్కడ ఉన్నారు అని అడిగితే వివరాలు వస్తాయి. ఆ ఇళ్లలో పనిచేసే స్త్రీలను తప్పక కలవండి. అద్దెలు పెరిగి వారి గది ఎంత దూరం జరిగిందో, రాకపోకలకు ఎంత ఖర్చవుతోందో వారే చెప్పగలరు, ఏ రికార్డులోనూ అది దొరకదు. అనుమతి అడిగి, పేర్లు వదిలేసి, తేదీ, వీధి తప్పనిసరిగా రాసుకోండి.